శవం లేచి నవ్వాలె

ఇవాళ బస్సుల వెనక పోస్టర్లలో నవ్వుతూ తిరుగుతున్న ఆ అమెరికన్ నటుడికి కెమెరా ముందు ఏడవడం నేర్పింది నేనే. అతనికి ఇంకా పేరు రాని రోజులు. అమెరికాలో పెద్ద కంపెనీల ప్రమేయం లేకుండా, నలుగురు స్నేహితులు చేతి చమురు వదిలించుకుని తీసే సినిమాలు ఉంటాయి. అలాంటి ఒకదానిలో అతను కొడుకు, నేను తండ్రి. మా ఇద్దరి మీద తీసిన సీనుకు సెట్టులో కళ్ళు తడవని మనిషి లేడు. డైరెక్టరమ్మ కట్ చెప్పడం మరిచిపోయింది. ఆ అబ్బాయి నా పాదాలు ముట్టుకుని, "అంకుల్, ఇక నాకు ఏ యాక్టింగ్ స్కూలూ వద్దు" అన్నాడు.

ఇది నేను ఏడేళ్ళుగా చెబుతున్న కథ. షెఫీల్డ్‌లో మా అమ్మాయి ఇంటికి శనివారాలు యూనివర్సిటీ పిల్లలు అన్నం తినడానికి వస్తారు. పప్పుచారుకు ఆశపడి వచ్చినవాళ్ళు ముందు నా కథ వినాలి. అది ఇంట్లో నియమం. మొన్న ఒక నిజామాబాద్ పిల్ల ఎక్కడ పట్టిందో ఆ సినిమా పట్టి, మొత్తం చూసి వచ్చింది.

"అంకుల్, రెండుసార్లు చూసిన. మీరు ఎక్కడ మాట్లాడిన్రు?"

"అసలైన నటన మౌనంల ఉంటది బిడ్డా."

"మౌనం కాదంకుల్. మీరు సచ్చిపోయున్నరు."

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. వంటగదిలో మా అమ్మాయి మాత్రం గిన్నె ఒకటి కాస్త గట్టిగా పెట్టింది. ఆ చప్పుడు విన్న మర్నాడే ఇది రాయడానికి కూర్చున్నాను.

నా వేషం శవం. నాకు మాట లేదు, కదలిక లేదు. సినిమాలో నేను బతికున్నట్టు కనబడేది ఒక్కచోటే. దాని సంగతి తర్వాత చెబుతాను, ఎందుకంటే దాని సంగతే చెప్పాలి.

అప్పుడు మేం కోవెంట్రీలో ఉండేవాళ్ళం. నేను అక్కడ కార్ల విడిభాగాలు చేసే ఫ్యాక్టరీలో క్వాలిటీ ఇన్‌స్పెక్టర్‌గా ఇరవై చిల్లర ఏళ్ళు పనిచేసి రిటైరయ్యాను. మా అమ్మాయిని ఐదేళ్ళ పిల్లగా తీసుకొచ్చాం. ఆమె అక్కడే చదివి ఫిజియోథెరపిస్ట్ అయింది. మా ఆవిడ గుండె అప్పటికి రెండేళ్ళుగా మొరాయిస్తోంది. కాళ్ళు వాచేవి, ఊపిరితిత్తుల్లో నీరు చేరేది, హాస్పిటల్‌లో వేస్తే నీరు తీసి పంపేవారు, మళ్ళీ చేరేది. ఆ ఏడాది అది మూడోసారి వార్డుకు వెళ్ళడం. ఈసారి నీరు తీసినా ఇంటికి పంపే మాట ఎవరూ ఎత్తలేదు.

నేను రోజూ వెళ్ళి మంచం పక్క కుర్చీలో కూర్చునేవాణ్ణి. చేయగలిగిందేమీ లేదు. ఆమె నిద్రపోతే గోడ చూడడం, లేస్తే నీళ్ళ గ్లాసు అందించడం. చేతులు ముడుచుకుని కూర్చోవడం నా వల్ల కాని పని. ఆ రోజుల్లోనే మా తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో ఒక మెసేజ్ వచ్చింది. అమెరికా నుంచి వచ్చిన చిన్న సినిమా బృందానికి అరవై ఐదు దాటిన భారతీయుడు కావాలి, ఒక్క మధ్యాహ్నం పని, అనుభవం అక్కర్లేదు, కదలకుండా పడుకోగలగాలి.

అనుభవం అక్కర్లేదన్న మాట నన్ను గుచ్చింది. నాకు అనుభవం ఉంది. డిప్లొమా అయ్యాక, ఉద్యోగం రాకముందు, అమీర్‌పేట వైపు ఒక గదిలో నలుగురం ఉండి సినిమాల్లో జూనియర్ ఆర్టిస్టులుగా తిరిగాం. రెండేళ్ళు చేశానని చెబుతుంటాను. ఎనిమిది నెలలు. పెళ్ళి పందిట్లో జనంలో ఒకణ్ణి, కోర్టులో బెంచీ మీద ఒకణ్ణి. ఒకే ఒక్కసారి కెమెరా నా మొహం మీద ఆగింది. వరదలో కొట్టుకొచ్చిన శవాల్లో మొదటి శవం నాది.

ఆ రోజే ఒక ముసలి మేకప్ మనిషి నాకో సంగతి చెప్పాడు. శవం వేషం వేసినవాడు కట్ అనగానే దులుపుకుని లేచిపోకూడదు. కెమెరా నడుస్తుండగానే లేచి, పళ్ళు కనబడేలా నవ్వాలి. ఆ నవ్వు సినిమాలో వాడరు. కానీ తీయాలి. తీయకపోతే ఆ చావు తెర మీద ఆగకుండా ఇంటికి వస్తుంది. "శవం లేచి నవ్వాలె కొడుకా" అన్నాడు. మన సినిమావాళ్ళ దగ్గర ఇది మామూలే. పెద్ద హీరో ఫోటోకు దండ వేసినా, ఆ వెంటనే ఆయన నవ్వుతున్న ముక్క ఒకటి తీసుకుంటారు.

ఈ కథ మా ఆవిడకు పెళ్ళయిన వారంలోనే చెప్పాను. అందులో వరద నిజం వరదని, నేను ఇద్దర్ని కాపాడానని కూడా చెప్పాను. ఆమె నవ్వు సంగతి నమ్మింది, వరద సంగతి నమ్మలేదు.

వేషం ఖాయమైన రోజు వార్డుకు వెళ్ళి చెప్పాను. ముక్కులో ఆక్సిజన్ గొట్టం, మాటకూ మాటకూ మధ్య ఊపిరి కోసం ఆగాలి. అయినా ఎత్తిపొడుపు మాత్రం తగ్గలేదు.

"ఏం ఏషం?"

"తండ్రి."

"తండ్రి ఏం జేస్తడు?"

"పండుకుంటడు."

ఆమె నా మొహం చూసింది. "సచ్చిపోయిండా?"

"కథ మొదలయ్యేసరికే."

"బతికినన్ని రోజులు సోఫాల కదలకుండ పండుకున్నవ్. దానికి అమెరికోళ్ళు అచ్చి నేర్పాల్నా?" కాసేపు ఊపిరి తీసుకుంది. తర్వాత నవ్వు పోయింది ఆ మొహంలోంచి. "నేనిట్ల పడి ఉంటే నువ్వు శవం ఏషం ఏస్తవా?"

నేను నీళ్ళ గ్లాసు అందించాను.

"నాకు ఇంకేం ఆశ లేదయ్యా. పసుపు కుంకుమతోని పోవాలె. గంతే. నువ్వు నాకంటె ముందు తెర మీద గూడ పోవద్దు."

"ఒద్దంటె మానేస్త."

"మానవు. నాకు తెల్వదా?" కళ్ళు మూసుకుంది. నిద్రపోయిందనుకున్నాను. కళ్ళు తెరవకుండానే అంది: "నవ్వు తీయించుకో. తీయించుకోకుండ రాకు."

ఆ సమయంలో మా అమ్మాయి కాఫీకి కిందికి వెళ్ళింది. కాబట్టి ఈ మాటకు సాక్షి లేదు. నా చరిత్ర తెలిసినవాళ్ళు నమ్మకపోవచ్చు. కానీ ఈ మాట ఆమె అన్నది. నేను పెంచి చెప్పిన వాటిలో ఇది లేదు.

షూటింగ్ రోజు పొద్దున మా అమ్మాయి వార్డు బయట కారిడార్‌లో నన్ను ఆపింది. ఆమె కూడా హాస్పిటల్ మనిషే కాబట్టి డాక్టర్లు ఆమెతో దాపరికం లేకుండా మాట్లాడతారు.

"డాడీ, ఇవాళ పోకు."

"మూడు గంటల పని బిడ్డా. మాట ఇచ్చిన."

"కిడ్నీస్ కూడా పనిచేస్తలేవు. డాక్టర్ రోజులు అంటలేడు. గంటలు అంటుండు."

"నిన్న కూడా గట్లనే అన్నరు కద."

ఆమె నా జేబులోంచి ఫోన్ తీసి నా చేతిలో పెట్టింది. "ఫోన్ ఆన్‌ల పెట్టు. నేను చేస్తే వెంటనే రా. ప్రామిస్?"

"ప్రామిస్."

షూటింగ్ ఊరి చివర ఒక ఫ్యునరల్ పార్లర్‌లో. శవాలకు స్నానం చేయించి బట్టలు కట్టే గదిని ఆ మధ్యాహ్నానికి వాళ్ళకిచ్చారు. తెల్ల టైల్స్, స్టీలు బల్ల, పక్కనే శవాలను ఉంచే చల్లగది, దాని ఫ్యాను ఆగకుండా మోగుతుంటుంది. బృందం మొత్తం ఎనిమిది మంది. డైరెక్టర్ ముప్పై ఏళ్ళ అమెరికన్ అమ్మాయి, ఆమె అన్నం కూడా నిలబడే తింటుంది. కథ చిన్నది. చిన్నప్పుడే తల్లినీ తననూ వదిలి ఇంగ్లండ్‌లో స్థిరపడిన తండ్రి చనిపోయాడని కబురొస్తే, అమెరికాలో పెరిగిన కొడుకు వస్తాడు. దహనం చేయాలి. ఎలా చేయాలో తెలియదు, తండ్రి మీద ప్రేమ ఉందో లేదో కూడా తెలియదు. ఆ కొడుకు వేషమే మన పోస్టర్ల మనిషిది. అతని తల్లి మన తెలుగు మనిషేనట. తెలుగులో అతనికి వచ్చినవి మూడు మాటలు. అందులో ఒకటి పెరుగు.

వాళ్ళకు మన పద్ధతులు తెలియవు. నేను తెలియజెప్పాను. నుదుటికి విభూతి, తల దక్షిణానికి, రెండు కాళ్ళ బొటనవేళ్ళు కలిపి దారంతో కట్టాలి. దక్షిణం ఎటో ఫోన్‌లో చూసి బల్ల తిప్పించాను. దారం నేనే అడిగాను. మేకప్ పిల్ల నా మొహానికి బూడిద రంగు పులిమి, పెదవులకు నీలం పూసింది. అద్దంలో చూసుకుని, "బాగుంది, మా నాయిన లెక్క ఉన్న" అన్నాను. ఎవరికీ అర్థం కాలేదు.

ఇక ఏడుపు సంగతి. ఆ అబ్బాయికి ఏడుపు రావడం లేదు. మూడు టేకులు వృథా అయ్యాయి. నేనప్పుడు అతని చెవిలో ఏదో చెప్పానని కథల్లో చెబుతుంటాను. ఒక్కోసారి తెలుగు పద్యం పాడానని కూడా చెప్పాను. బల్ల మీద శవం పద్యం పాడితే సీను ఏమవుతుందో వినేవాళ్ళు ఆలోచించరు, పాపం.

జరిగింది ఇది. నాలుగో టేకులో అతను వంగి నా చెంప ముట్టుకున్నాడు. నా కంట్లోంచి నీళ్ళు కారాయి. శవం ఏడ్చింది. అతను ఒక్క క్షణం బిగుసుకుపోయి, ఆ నీటిని బొటనవేలితో తుడిచి, అలాగే ఉండిపోయాడు. ఆ తుడవడమే ఆ సినిమాకు ప్రాణమని తర్వాత చాలామంది రాశారట. వార్డులో ఉన్న మనిషి గుర్తొచ్చి నా కన్ను కారిందని నేను చెబుతుంటాను. అది కూడా కాదు. ఏడుపు రానప్పుడు నటులు కంటి కింద మెంథాల్ పుల్ల రాసుకుంటారు. అతని వేలికున్న మెంథాల్ నా కంట్లో పడింది. మండింది, నీళ్ళు కారాయి. మా ఆవిడ గురించి ఆ గంటలో నేను ఒక్కసారి కూడా అనుకోలేదు. ఊపిరి బిగబట్టడం గురించి అనుకున్నాను, నా ముక్కు కెమెరాలో పెద్దగా పడుతుందేమో అనుకున్నాను.

ఫోన్ గురించి నేను అందరికీ చెప్పేది మరోలా ఉంటుంది. సెట్టులో ఫోన్లన్నీ ఒక ప్లాస్టిక్ డబ్బాలో వేసి మూతపెట్టారని, నాది కూడా అందులోనే ఉందని. డబ్బా ఉన్నమాట నిజం. నాది అందులో లేదు. ప్రామిస్ చేశాను కదా. రింగు మోగకుండా చేసి, తెల్లబట్ట కింద తొడకూ బల్లకూ మధ్య పెట్టుకున్నాను. నాలుగో టేకులోనే అది వణికింది. స్టీలు బల్ల మీద సన్నగా గీ అంది. చల్లగది ఫ్యాను మోతలో ఎవరికీ వినబడలేదు. నాకు ఒంటికి తెలిసింది. నేను కదలలేదు. కదలకుండా పడుకోగలగాలని కదా రాశారు. అంత బాగా ఎవరూ పడుకోలేరు.

కట్ అన్నారు. చూసుకున్నాను. మా అమ్మాయి.

అప్పుడే లేచి ఉండవచ్చు. కాళ్ళ వేళ్ళు కట్టేసి ఉన్నాయని కొందరికి చెప్పాను. ఒక్క గుంజుకు తెగే దారం అది. నేను లేవలేదు, ఎందుకంటే నవ్వు ఇంకా తీయలేదు. ఒక్క నిమిషం పని. అది తీయకుండా వెళ్తే ఆమె ఊరుకోదు. నా పక్క నుంచి చూస్తే న్యాయంగానే ఉంది.

డైరెక్టరమ్మకు చెప్పాను. ఇది మా ఆచారం, కెమెరా నడిపించు, లేచి నవ్వుతాను, తర్వాత పారేసుకో అన్నాను. ఆమె కారణం అడిగింది. చావు ఇంటికి రాకుండా అన్నాను. ఆమె కళ్ళు పెద్దవయ్యాయి. దీపాలు మళ్ళీ వేయించింది. ఆ అబ్బాయిని తలవైపు నిలబెట్టింది. నేను పడుకున్నాను, లేచాను, పళ్ళు కనబడేలా నవ్వాను. అయిపోయింది. శాస్త్రానికి ఒక్క నవ్వు చాలు. మా ఆవిడ ఒక్కటే అడిగింది.

కానీ డైరెక్టరమ్మ చప్పట్లు కొట్టింది. "బ్యూటిఫుల్" అంది. "ఇంకోసారి చేయగలరా? కెమెరా వైపు కాకుండా, అతని వైపు చూసి?"

నా జీవితంలో ఎవరూ నన్ను ఇంకోసారి చేయమని అడగలేదు. అమీర్‌పేటలో అడగలేదు. ఫ్యాక్టరీలో ఇంకోసారి అంటే తప్పు చేశావని అర్థం. నేను పడుకున్నాను. రెండో నవ్వు, లెన్సులో దీపం మెరుపు పడి పాడైందన్నారు. మూడోదానికి సిద్ధమవుతుండగా ఫోన్ మళ్ళీ వణికింది. అక్కడే, బల్ల మీద కూర్చుని, ఎత్తాను.

"డాడీ, రా. ఇప్పుడే రా."

"వస్తున్న. ఒక్క టేక్ బిడ్డా. అయిపోయింది."

"డాడీ, ప్లీజ్. అమ్మ అడుగుతుంది..."

ఆ తర్వాతి మాట ఫ్యాను మోతలో పడింది. అయినా వినబడింది. అమ్మ అడుగుతుంది, నవ్విండా అని.

నా గుండె తేలికయింది. ఊపిరి తీసుకోవడానికే కష్టపడే మనిషి, ఆ స్థితిలో కూడా, నా నవ్వు గురించే అడుగుతోంది. "నవ్విన అని చెప్పు. మళ్ల నవ్వుతున్న అని చెప్పు" అన్నాను. అటువైపు ఫోన్ ఆగిపోయింది. నేను పడుకుని, లేచి, ఆ అబ్బాయి వైపు చూసి నవ్వాను. అంత హాయిగా నేను ఎప్పుడూ నవ్వలేదు. అందరూ చప్పట్లు కొట్టారు.

ఆ అబ్బాయే నన్ను తన అద్దె కారులో హాస్పిటల్‌కు తీసుకెళ్ళాడు. కోవెంట్రీ రింగ్ రోడ్డు ఆ ఊళ్ళో పుట్టినవాళ్ళనే తిప్పలు పెడుతుంది. అతనికి ఎడమవైపు నడపడమే కొత్త. దిగాల్సిన చోటు తప్పి, మళ్ళీ మొత్తం చుట్టు తిరిగాడు. ఆలస్యం అక్కడే జరిగిందని చాన్నాళ్ళు అతని మీద నెట్టాను. ఆ చుట్టుకు పట్టింది ఆరేడు నిమిషాలు. స్టీరింగ్ పట్టుకుని అతను "సారీ అంకుల్, సారీ అంకుల్" అంటూనే ఉన్నాడు. ఎర్ర లైటు దగ్గర పక్క కారులో ఒక చిన్నపిల్ల నన్ను చూసి తల్లి చేయి పట్టుకుంది. అప్పుడు కూడా నాకు తట్టలేదు.

వార్డు తలుపు దగ్గర నర్సు నన్ను చూసి వెనక్కి జరిగింది. కర్టెన్ చుట్టూ లాగి ఉంది. లోపల మా అమ్మాయి తల్లి చేయి పట్టుకుని కూర్చుని ఉంది. ముక్కులో గొట్టం తీసేశారు. నుదుటి మీద బొట్టు అలాగే ఉంది. పొద్దున నేను పెట్టిందే.

మా అమ్మాయి తలెత్తింది. ఎదురుగా నేను, బూడిద మొహం, నీలం పెదవులు, నుదుట విభూతి. ఆమె అరవలేదు. చాలా మెల్లగా ఇంగ్లీషులో అంది: "గో అండ్ వాష్ యువర్ ఫేస్."

మూలన ఉన్న సింకులో కడుక్కున్నాను. సబ్బు నీళ్ళు బూడిదగా దిగాయి. ఎంత తోమినా చెవుల వెనక రంగు పోలేదు. వెనక్కి తిరిగి వచ్చేసరికి మంచం మీద ఆమె మొహం కూడా అదే రంగులో ఉంది. నేను ఆమె పక్కన నిలబడి, "నవ్విన" అన్నాను. మూడుసార్లు నవ్వానని చెప్పాను.

ఆ రాత్రి ఇంట్లో సాక్సు విప్పితే నా బొటనవేలికి దారం ముక్క ఇంకా ఉంది. మూడు రోజుల తర్వాత వేరే ఫ్యునరల్ పార్లర్‌లో, అలాంటి తెల్ల టైల్స్ గదిలోనే, ఆమె వేళ్ళు నేనే కట్టాను. అక్కడి మనిషి, "మీకు ఇవన్నీ బాగా తెలుసు" అన్నాడు. తెలుసన్నాను.

పరామర్శకు వచ్చినవాళ్ళందరికీ ఒకటే చెప్పాను. చివరి ఊపిరిలో కూడా నా నవ్వు గురించే అడిగింది, పసుపు కుంకుమతో, నిశ్చింతగా పోయింది అని. ఆడవాళ్ళు కళ్ళు తుడుచుకున్నారు. "అదృష్టవంతురాలు అన్నా" అన్నారు. రీడింగ్ ఊరి నుంచి వచ్చిన మా తోడల్లుడు నన్ను కౌగలించుకున్నాడు. మా అమ్మాయి టీ కప్పులు అందిస్తూ తిరుగుతోంది. ఏమీ అనలేదు. తర్వాత ఆమెకు షెఫీల్డ్‌లో ఉద్యోగం దొరికింది. నన్నూ తీసుకొచ్చింది.

సినిమా ఏడాదికి వచ్చింది. ఆ చిన్న సినిమా నుంచే ఆ అబ్బాయికి పిలుపులు మొదలయ్యాయట. డైరెక్టరమ్మ నాకు లింకు పంపింది. ఒక్కణ్ణీ లాప్‌టాప్‌లో చూశాను. పారేస్తుందనుకున్న నవ్వును ఆమె పారేయలేదు. దహనం అయిపోతుంది, కొడుకు విమానం ఎక్కుతాడు, తెర నల్లబడుతుంది. అప్పుడు, ఏ కారణం లేకుండా, బల్ల మీద శవం లేచి కొడుకు వైపు చూసి నవ్వుతుంది. అది మూడో నవ్వు. ఫోన్ పెట్టేసిన తర్వాతది. జాగ్రత్తగా చూస్తే తెల్లబట్ట అంచున ఫోన్ మూల కూడా కనబడుతుంది. ఎవరూ అంత జాగ్రత్తగా చూడరు. నేను అప్పుడప్పుడు అక్కడ ఆపి చూస్తాను. ఆ నవ్వులో దొంగతనం ఎక్కడా లేదు. సంతోషంగా ఉన్న మనిషి నవ్వు అది. అప్పటికి ఆమె ఉందో పోయిందో నేను మా అమ్మాయిని అడగలేదు.

ఇక్కడి దాకా రాసి, నిన్న సాయంత్రం మా అమ్మాయికి చదివి వినిపించాను. ఆమెకు తెలుగు చదవడం రాదు, వింటే అర్థమవుతుంది. డ్యూటీ నుంచి వచ్చి మెడలో బ్యాడ్జి తీయకుండానే కుర్చీలో కూర్చుని విన్నది. మధ్యలో ఒక్కచోట ఆపింది.

"నవ్వు తీయించుకోకుండ రాకు అని అమ్మ నిజంగ అన్నదా?"

"అన్నది. నీ మీద ఒట్టు."

"నాకెప్పుడూ చెప్పలే."

"నువ్వు కాఫీకి పోయినవ్."

ఆమె తలూపింది. మిగతాది చదివాను. మెంథాల్ దగ్గర నవ్వుతుందేమో అనుకున్నాను, నవ్వలేదు. అన్నీ ఒప్పుకున్నాను కదా, దాచిందేమీ లేదు కదా అన్న ధైర్యంతో కాగితాలు మడిచి, "ఎట్లుంది?" అన్నాను.

"ఫోన్ల నువ్వు నవ్విన అని చెప్పు అన్నవ్. నాకేం అర్థం కాలే. నీకు మైండ్ పోయిందనుకున్న. నేను అమ్మకు ఆ మాట చెప్పలే."

"ఆమె అడిగింది కద బిడ్డా. నవ్విండా అని."

"లేదు డాడీ. నువ్వు అందరికీ చెప్తుంటే ఊకున్న. అమ్మ నవ్విండా అనలే. వచ్చిండా అన్నది."